ఎవరూ లేని సీటు

నేను ఒంటరిగా డాక్యుమెంటరీలు తీస్తాను. ఎవరినీ నటించమనను, పక్కన కూర్చుని, జరిగేది జరిగినట్టు తీస్తానంతే. కోనసీమలో అదే కుదరలేదు. కెమెరా ఎత్తితే చాలు, కాఫీ తెచ్చేవారు, కొబ్బరిబోండాం కొట్టిచ్చేవారు. వారం రోజుల ఫుటేజీ నిండా మర్యాదలే.

ఆ రోజు అమలాపురంలో రాజోలు బస్సెక్కాను. పక్క సీట్లో పెద్దావిడ ఒళ్లో పూతరేకుల పెట్టె. కెమెరా చూడగానే పైట సర్దుకుని, ఒక పూతరేకు తీసి లెన్సు ముందు పెట్టారు.

"వద్దండీ. నేనసలు ఇక్కడ లేననుకోండి," అని బతిమాలాను.

"లేరనుకోవాలాండీ?"

"అవునండీ."

"ఆయ్," అన్నారు.

తర్వాతి స్టాపులో ఆవిడకు తెలిసినావిడ ఎక్కారు. పెద్దావిడ వెంటనే కేకేశారు.

"వదినగారూ, ఇలా వచ్చేయండి. ఇక్కడెవరూ లేరండీ!"

లేచి సీటిచ్చాను. రాజోలు దాకా వదినలిద్దరూ కోడళ్ల గురించే చెప్పుకున్నారు. ఒక్కసారి కూడా నా వైపు చూడలేదు. ఒక చేత్తో కడ్డీ పట్టుకుని, రెండో చేత్తో అంతా తీశాను. వణికిపోయే ఆ షాటుతోనే నా సినిమా మొదలవుతుంది.

రాజోలులో దిగుతుంటే పెద్దావిడ వెనక నుంచి నా భుజం తట్టి, పూతరేకు చూపించారు.

"ఇప్పుడున్నారాండీ?"