ఏడు గంటల గడి

2004లో మా కంపెనీ నన్ను రియాద్ ఆఫీసు నుంచి ఎర్ర సముద్రంలోని ఒక చిన్న దీవి పనికి వేసింది. జిజాన్ రేవులో ఫెర్రీ ఎక్కి వెళ్లాలి. అప్పటికి నేను సీనియర్ హైడ్రోజియాలజిస్టును, అంటే భూమి లోపలి నీళ్ల సంగతి చూసేవాణ్ణి. అంతకుముందు నాలుగేళ్లు అల్ ఖర్జ్‌లో డెయిరీ ఫారాల లోతు బోర్లు చూశాను. అక్కడి నీళ్లు రోజు రోజుకూ గుణం మార్చుకోవు. దీవి సంగతి వేరు. కురిసిన కాస్త వానా ఇసుకలో ఇంకి, కిందనున్న ఉప్పునీటి మీద పాల మీద మీగడలా పలచగా తేలుతుంది. ఆ మీగడ వరకే తీసుకుంటే ఊరు బతుకుతుంది. ఆశపడి గట్టిగా తోడితే ఉప్పు పైకి ఎక్కుతుంది. ఎక్కిందంటే మళ్లీ దిగడానికి ఏళ్లు పడుతుంది.

దీవిలో మూడు పాత బావులున్నాయి. ఊరందరికీ తాగునీళ్లు మూడో బావివే. దాన్ని వాడుకలో ఉంచాలా, తాళం వేసి ఓడలో నీళ్లు తెప్పించాలా అన్నది అక్కడి నీటి కార్యాలయం తేల్చుకోవాలి. అందుకు ఏడాదిపాటు రోజూ రీడింగులు తీసి ఇవ్వడం మా పని. ఈసీ మీటరు అని చేతిలో పట్టేంత పరికరం ఉంటుంది. నీళ్లలో ముంచితే అంకె చూపిస్తుంది. అంకె పెరిగితే ఉప్పు పెరిగినట్టు.

రీడింగు షీటు నేనే తయారు చేశాను. సమయం అన్న గడిలో ఉదయం ఏడు అని ముందే అచ్చు వేయించాను. కొట్టివేతలు, దిద్దుబాట్లు ఉన్న షీటు చెల్లదని కింద రాయించాను. ఇంత కట్టుదిట్టం ఎందుకో దాచుకోకుండా చెప్తాను. చిన్న వయసులో మన రాష్ట్రంలో ప్రభుత్వ ఉద్యోగం చేస్తున్నప్పుడు నాకు పన్నెండు బావులు అప్పగించారు. మొదటి నెల బుద్ధిగా అన్నీ తిరిగాను. తర్వాత రెండు నెలలు హోటల్లో టీ తాగుతూ, పాత అంకెలకు అటూ ఇటూ చేర్చి నింపేశాను. ఎవరూ పట్టుకోలేదు. అప్పటి నుంచి ఎవరు రాసిన అంకె చూసినా నాకు ఆ హోటలే గుర్తొస్తుంది.

దీవిలో ఉండి రీడింగులు తీయడానికి ఫీల్డ్ టెక్నీషియన్‌గా మస్తాన్ వలీ అనే కడప జిల్లా మనిషిని పెట్టారు. ముప్పై అయిదేళ్లుంటాయి. ఖఫ్జీలో పంపుల మెకానిక్‌గా చేసి వచ్చాడు. నేను నెలకోసారి వెళ్లి షీట్లు తెచ్చుకునేవాణ్ణి. మొదటి రోజే అతనికి, షీటులో ఉన్నట్టు చేస్తే చాలు, సొంత తెలివి వాడొద్దని చెప్పాను.

మొదటి నెల మూడో బావి అంకెలు ఎగిరిపడ్డాయి. ఒకరోజు పద్దెనిమిది వందలుంటే వారం తిరక్కుండా మూడు వేలు. సముద్రం ఒడ్డున ఉన్న బావి కాబట్టి ఆటుపోట్లకు అది సహజమే. రెండో నెల నుంచి అంకెలు బుద్ధిమంతులైపోయాయి. పద్దెనిమిది వందలకు ఇరవై ఎక్కువో ఇరవై తక్కువో, అంతే. అయిదో నెల దాకా అదే వరస. మొదటి నెల శ్రద్ధ, తర్వాత ఒకే పాట. ఈ కథ నాకు బాగా తెలిసిన కథే అనుకున్నాను.

అక్కడి నుంచి అతను ఏం చేసినా నాకు తేడాగానే కనిపించింది. ఉమ్రా యాత్రకు, మక్కా చూడటానికి, అతని భార్య, బావమరిది వస్తున్నారు. మూడేళ్లుగా భార్యను చూడలేదు. మదీనాలో కలుసుకోవడానికి పది రోజుల సెలవు కావాలని నా సంతకం కోసం తిరుగుతున్నాడు. నేను దిగగానే రేవులో సంచీ అందుకునేవాడు, వద్దన్నా చేపలు వేయించి పెట్టేవాడు. తప్పు చేసినవాడు మంచి చేసుకుంటున్నాడని అనుకున్నాను. రోజూ సరిగ్గా తీస్తున్నావా అని అడిగితే, "తీస్తానే ఉండా సార్. బాయి కాడికి పోకుండా యా పొద్దూ రాయలే," అన్నాడు. అలా అంటూ నేల చూపులు చూశాడు. ఆ చూపు ఒక్కటే నాకు మిగిలింది.

తర్వాతి నెల చెప్పకుండా వెళ్లాను. బావికి కాస్త దూరంలో చేపల ఐసు గోదాం ఉంది. దాని పక్కన జీపు ఆపుకుని వరసగా మూడు ఉదయాలు కాచుకున్నాను. ఏడయింది, ఏడున్నరయింది, బావి దగ్గరికి ఎవరూ రాలేదు. నేనే దిగి మీటరు ముంచాను. మొదటిరోజు ఇరవై మూడు వందలు, మర్నాడు ఇరవై ఆరు, మూడోరోజు ఇరవై తొమ్మిది. మధ్యాహ్నం అతని గదికి వెళ్లి షీటు అడిగాను. మూడు రోజులకూ ఏడు గంటల గడి పక్కన పద్దెనిమిది వందల చిల్లర ఉంది. దొంగను పట్టుకున్న సంతోషం కలిగింది, అబద్ధం ఎందుకు.

విచారణ జిజాన్‌లో జరిగింది. ప్రాజెక్టు మేనేజరుకు అరబీ, ఇంగ్లీషు తప్ప రావు. మస్తాన్‌కు పని అరబీ నాలుగు ముక్కలు వచ్చు, అంతకు మించి రాదు. తర్జుమా నేనే చేశాను. ఆ మూడు రోజులు ఏడింటికి బావి దగ్గర ఉన్నావా అని మేనేజరు అడిగాడు. మస్తాన్ లేనన్నాడు. నా వైపు తిరిగి గబగబా మొదలుపెట్టాడు: "ల్యాకపోతే ఏంది సార్, తీసినా సార్. నీళ్లు యాళ పట్టి మారతాండాయి. ఆయనకు ఇది కూడా చెప్పండి సార్." అతనేమంటున్నాడని మేనేజరు నన్ను అడిగాడు. లేనని ఒప్పుకుంటున్నాడని చెప్పాను. మిగతాది చెప్పలేదు. వినాలనిపించలేదు, అంతే.

వారంలో అతని పాస్‌పోర్టు మీద ఖురూజ్ పడింది. మళ్లీ రావడానికి వీల్లేకుండా దేశం నుంచి పంపేసే ముద్ర అది. భార్య మదీనాలో దిగడానికి పన్నెండు రోజులుండగా అతను విమానం ఎక్కాడు. సెలవు కాగితం సంతకం లేకుండా నా ఫైల్లోనే ఉండిపోయింది.

కొత్త మనిషి వచ్చేదాకా రీడింగులు తీయడానికి నేనే దీవిలో దిగాను. అక్కడి ఆరోగ్య కేంద్రంలో సువార్త గారని నర్సు ఉండేవారు, నరసాపురం వైపు ఆవిడ. రెండో రోజు కనిపించి, మస్తాన్ గారు లేక తమకు నీళ్లకు ఇబ్బందిగా ఉందన్నారు. ఆయనకూ మీ నీళ్లకూ ఏమిటి సంబంధమని అడిగాను. "అదేంటండీ, పోటు మీదే కదండీ ఈ బావిలో తోడేది! సముద్రం పొంగితే మంచినీళ్లు పైకొస్తాయండి, ఆటులో, సముద్రం తీసినప్పుడు తోడితే ఉప్పు తగులుద్దండి. ఊళ్లో ముసలాళ్లు ఆయనకి నేర్పారండి. ఆయనొచ్చి మీటరు ముంచి సరే అన్నాకే మా ట్యాంకుకి మోటారు వేసేవారండి," అన్నారు. పోటు రోజూ ఒకే వేళకు రాదు కదా, ముప్పావుగంట పైనే వెనక్కి జరుగుతూ పోతుంది కదా అన్నాను. "అందుకే కదండీ, ఆయన క్యాలెండరులో రాసిపెట్టుకునేవారు," అన్నారు.

మస్తాన్ గదిలోనే నా మకాం. గోడకు కడప బట్టల కొట్టు వాళ్ల క్యాలెండరు వేలాడుతోంది. రెండు రోజులుగా దాని కిందే పడుకుంటున్నాను, ఒక్కసారీ తిప్పి చూడలేదు. ప్రతి తేదీ కిందా పెన్సిల్‌తో రెండు అంకెలున్నాయి. ఒకటి గంట, ఒకటి రీడింగు. నేను కాచుకున్న మూడు ఉదయాలూ వెతికాను. 9.40, 10.30, 11.20. నేను ఏడున్నరకు వెళ్లిపోయాను. అతను పోటు కోసం ఆగి, వచ్చి, తీశాడు. ఊరు ఏ వేళ తాగునీళ్లు తోడుతుందో ఆ వేళ నీళ్లనే కొలిచాడు. అది రాయడానికి నా షీటులో చోటు లేదు. ఉన్న గడిని కొట్టేస్తే షీటు చెల్లదు. ఆ మంచం మీద కూర్చుంటే నిజంగా సిగ్గేసింది.

క్యాలెండరు తీసుకెళ్లి మేనేజరుకు చూపించాను. అతన్ని వెనక్కి పిలిపించగలమా అని అడిగాను. వీసా లేదన్నాడు. రెండోసారి నేను అడగలేదు. విచారణలో ఏం తర్జుమా చేయకుండా వదిలేశానో అప్పుడూ చెప్పలేదు.

చివరి నివేదికలో క్యాలెండరు అంకెలే వాడాం. మూడో బావిని మూసే అవసరం లేదని, పోటు ఉన్న రెండు గంటలు మాత్రమే తోడుకోవాలని రాశాం. నీటి కార్యాలయం ఒప్పుకుంది. బావికి తాళం పడలేదు. నివేదిక మీద నా పేరు, మేనేజరు పేరు ఉన్నాయి.

తర్వాత నేను తయారు చేసిన ఏ షీటులోనూ సమయం గడిలో ముందుగా ఏమీ అచ్చు వేయించలేదు. పక్కన, కొలిచినవాడు చెప్పదలచినది రాయడానికి ఒక ఖాళీ గడి పెట్టించాను. నాకు పనికొచ్చిన పాఠం అదొక్కటే. మస్తాన్ వలీ దగ్గర అబద్ధం దొరికిందని అతన్ని పంపించాను. అతని షీట్లన్నిటిలోనూ ఉన్న అబద్ధం ఉదయం ఏడు అన్నదొక్కటే. అది నేను అచ్చు వేయించింది.