ఒడి లేని తల్లి

మొన్న మధ్యాహ్నం భోజనం చేసి టీవీ ముందు కూలబడితే, ఆస్ట్రేలియా ఎర్రమట్టి నేలల్లో తిరిగే కుందేలంత వాలబీని చూపిస్తున్నారు. కంగారూ జాతే, కాకపోతే బాగా చిన్నది. గడ్డిదుబ్బు కింద కాస్త గుంట గీసుకుని పగటి ఎండంతా అందులోనే నక్కి ఉంటుందట, చల్లబడ్డాక మేతకొస్తుందట. మనిషి కాలు పక్కన పడేదాకా కదలకుండా ఉండి, ఉన్నట్టుండి వంకరటింకరగా గెంతుకుంటూ పోతుందట. మా చేలల్లో చెవులపిల్లి, అదే అడవి కుందేలు, చేసేదీ అచ్చం ఇదే. టీవీలో ఆ వాలబీ కడుపు సంచిలోంచి పిల్ల తల బయటికి పెట్టేసరికి ఇక కూర్చోలేక, మోకాళ్ళు వద్దంటున్నా లేచి, బీరువా అడుగు అరలోంచి తొంభైల చివరి డైరీ ఒకటి తీశాను.

అప్పట్లో సత్తెనపల్లి దగ్గర హైస్కూల్లో సైన్సు చెప్పేవాణ్ణి. వాలబీని ఎన్నడూ కళ్ళతో చూడలేదు గానీ ఏటా దాని పాఠం చెప్పేవాణ్ణి. పుట్టినప్పుడు చిక్కుడు గింజంత ఉండే పిల్ల, కళ్ళయినా తెరవకుండా తల్లి బొచ్చు పట్టుకుని పాకి సంచిలో చేరుతుందనీ, నెలల తరబడి అక్కడే పాలు తాగి పెరుగుతుందనీ. సంచి అంటే అర్థం కావడానికి, పత్తి తీసే ఆడవాళ్ళు నడుముకి గుడ్డతో సంచిలా కట్టుకునే ఒడి బొమ్మ వేసేవాణ్ణి. క్లాసులో సగం మంది తల్లులు ఒడి కట్టినవాళ్ళే. ఏళ్ళ తరబడి అదే బొమ్మ వేసి వేసి, తల్లంటే పిల్లను మోసుకు తిరిగేదేనని నా బుర్రలోనే పాతుకుపోయింది.

ఆ ఏడు పచ్చపురుగు పత్తిని పీల్చి పిప్పి చేసింది. అన్నయ్య తన చేలో వారానికి రెండుసార్లు మందు కొట్టేవాడు. పురుగు తప్ప మిగతావన్నీ చచ్చేవి. ఒక శనివారం ఒంటిపూట బడి అయ్యాక అటు వెళ్ళాను. పత్తి తీస్తున్న ముఠాలో ఒకమ్మాయి, ఒకప్పుడు మా బళ్ళో చదువుకున్నదే, మొక్క మొదట్లో గుంటలో నక్కిన చెవులపిల్లి పిల్లను చూపించింది. పిడికెడంత ఉంది.

"దీని జోలికి పోకుండా వదిలేద్దామాండీ మాస్టారూ?"

"తల్లి బతికుంటే ఒంటరిగా వదిలేసి పోతుందా అమ్మాయ్? మందు కొట్టిన ఆకు తిని చచ్చుంటుంది" అన్నాను.

మాస్టారి మాట కాదనలేక దాన్ని ఒడిలో పత్తి మీద పెట్టుకుని, సాయంత్రం మా ఇంట్లో ఇచ్చి వెళ్ళింది. 'తల్లి మరణించినట్లు నిర్ధారణ' అని డైరీలో రాసి, కింద గీత కూడా గీశాను.

ఆదివారం ఆమె చర్చికి వెళ్ళే రోజు, పనికి రాలేదు. నేను గంట గంటకీ దూదివత్తితో ఆవుపాలు పట్టి, తాగిన చుక్కలు లెక్క రాసుకున్నాను. సోమవారానికి దాని పొట్ట ఉబ్బింది, తల వాలిపోతోంది. "రాసింది చాలు, తెచ్చిచ్చిన ఆ అమ్మాయినే అడగండి" అంది మా ఇంటావిడ.

బడి వదలగానే బుట్ట పట్టుకుని చేలోకి వెళ్ళాను. ఆ అమ్మాయి ఒడిలో పత్తి కుప్పలో దులిపి, బుట్టలోకి తొంగి చూసింది.

"అయ్యో, వాళ్ళమ్మ వెతుక్కోదాండీ?"

నేను మళ్ళీ నా సిద్ధాంతం మొదలుపెట్టాను. ఆమె గట్టు వైపు చెయ్యి చూపించింది. తుమ్మ కొమ్మకు కట్టిన చీర ఉయ్యాలలో ఆమె నెలల బిడ్డ నిద్రపోతున్నాడు.

"పొద్దుటి నుంచీ మావోడు ఆడనే ఉన్నాడు. ఈ మందు కంపులో ఒడిలో ఏసుకుని తిరగమంటారా? రెండు మాట్లు పోయి పాలిచ్చొచ్చా. అంతమాత్రాన నేను సచ్చిపోయినట్టేనా మాస్టారూ?"

"ఊరుకోవే, నిన్నూ డైరీలో ఎక్కించేస్తారు!" అని పక్కసాలులోంచి ఒకావిడ అనేసరికి ముఠా అంతా ఘొల్లుమంది.

తెల్లారితే మళ్ళీ మందు కొట్టే రోజు. ఉన్నది ఆ సాయంత్రం ఒక్కటే. సాలు ఆమెకు గుర్తుంది. పిల్లను అదే గుంటలో పెట్టి, బిడ్డను ఎత్తుకుని ఆమె, ఖాళీ బుట్టతో నేను గట్టు అవతల కూర్చున్నాం. పొద్దుగూకింది. ఇక రాదని నేను రెండుసార్లు తీర్మానించేశాను. అప్పుడు సాళ్ళ మధ్య రెండు చెవులు లేచాయి. తల్లి ఆగి, అటూ ఇటూ చూసి, గుంట మీదికి వంగి పిల్లకు పాలివ్వడానికి కూర్చుంది. అలవాటు కొద్దీ గడియారం చూశాను. అయిదు నిమిషాలు. తర్వాత వెనక్కి తిరిగి చూడకుండా వెళ్ళిపోయింది.

"అంతేనా?" అన్నాను.

"ఇంకెంతసేపండీ? దానికి మాత్రం పనుండదా?"

తన వాసన పట్టుకుని కుక్కలు రాకుండా పిల్లకు దూరంగా ఉండటమే ఆ తల్లి కాపలా అని నాకు ఆలస్యంగా తట్టింది. ఆ మూల మందు కొట్టకుండా వదిలెయ్యమని అన్నయ్యను బతిమాలాను. "ఒరేయ్, పురుగులన్నీ అక్కడే కాపురం పెడతయ్, తగలెయ్య నీ సైన్సు!" అని తిట్టాడు గానీ, మర్నాడు నాలుగు సాళ్ళు వదిలేశాడు. నేను శనివారం వాక్యాన్ని ఎర్రసిరాతో కొట్టేశాను. మరుసటేడు నుంచి బోర్డు మీద ఒడి పక్కన గట్టు మీది ఉయ్యాల కూడా వేశాను.

డైరీ మూసి, మిగతావి కూడా ఒక్కొక్కటే బయటికి తీశాను. పొద్దున లేచింది మొదలు పడుకునేదాకా రోజంతా రాసిపెట్టిన పుస్తకాలు బీరువా నిండా ఉన్నాయి. ఇప్పుడు వెతుక్కుంటే, ఆ తల్లి ఇచ్చినట్టు, మరే ధ్యాసా లేకుండా ఒకరికి నేను ఇచ్చిన అయిదు నిమిషాలు ఏ పేజీలో ఉన్నాయో ఒక పట్టాన దొరకడం లేదు.