ఆయనేమో గారు, ఆవిడేమో అది

మా నరసాపురంలో పిల్లినైనా ‘అండీ’ అని పిలుస్తారని బయటివాళ్లు వేళాకోళం చేస్తారు. నిజమే, మర్యాదలో మాకు మేమే సాటి. ఆ మర్యాద ఎంత పల్చనిదో మా ఇంటి అరుగు మీదే చూశాను.

ఆ అరుగు మీద పదిమంది ఆడవాళ్లం లేసు అల్లుతాం. దారం ఇచ్చేదీ, అల్లినవి చూసి తీసుకునేదీ నేనే. మాలో ఒకావిడ సాయంత్రాలు ఒక నాయకుడి ఆఫీసులో ఫోన్లు ఎత్తేది. ఒకనాడు వాళ్లిద్దరూ ఫోన్లో ఆడుకున్న సరసపు మాటల రికార్డింగు ఊళ్లో ప్రతి ఫోనులోకీ వచ్చిపడింది. ఆయన ప్రెస్‌మీట్ పెట్టి, అంతా కుట్ర అని, దండలు వేయించుకున్నాడు. ఆవిడ ఆఫీసు పని పోయింది. మొగుడు లేని మనిషి, బడికెళ్లే కూతురుంది. ఇక మిగిలింది మా లేసు ఒక్కటే. మూడు రోజులు గడప దాటలేదు.

నాలుగో రోజు మావాళ్లు తేల్చి చెప్పేశారు. “ఆయన గారి మీద బురద జల్లిందండి అది. అదొస్తే మేం రామండి.”

చూశారా! ఆయన ‘గారు’ చెక్కు చెదరలేదు. మొన్నటిదాకా ‘అక్కా’ అన్న నోళ్లలోనే ఆవిడ ‘అది’ అయిపోయింది. ఒళ్లు మండిపోయింది నాకు.

“సరసమాడింది ఇద్దరూ కదా?” అన్నాను.

“ముల్లొచ్చి ఆకు మీద పడ్డా, ఆకెళ్లి ముల్లు మీద పడ్డా చిరిగేది ఆకేనండి,” అంది అందరిలోకీ పెద్దావిడ.

“చిరిగిందని తెలిసీ మీరింకా చింపుతారేంటండి? ఆవిడ వస్తుంది. ఇష్టం లేనివాళ్లు దారం ఇచ్చేసి వెళ్లండి.”

ఒక్కరూ లేవలేదు. గొణుక్కుంటూనే అల్లారు.

అప్పుడే ఆవిడ ఇంటికి వెళ్లాను. తలుపు ఓరగా తీసింది.

“రేపట్నుంచి పనికి రండి,” అన్నాను. ఎప్పుడూ ‘నువ్వు’ అనేదాన్ని, ఆవేళ పట్టుబట్టి ‘రండి’ అన్నాను.

“మొన్న లేసు షావుకారు గారు ఫోన్ చేస్తే, ‘అది రావట్లేదండి’ అన్నారంట కదండి మీరు?”

అన్నాను. ఎంత తేలిగ్గా అనేశానో! సిగ్గుతో చచ్చిపోయాను.

“తప్పు నాదేనమ్మా. రేపు అందరి ముందూ ఒప్పుకుంటాను.”

“నాకేం వద్దండి. మా అమ్మాయికి చెప్పండి. అల్లిన లేసు ఇవ్వడానికి మీ ఇంటికొచ్చి, గుమ్మంలో నిలబడి విన్నది అదేనండి.”

లోపల పుస్తకం ముందేసుకుని కూర్చున్న పిల్ల తలెత్తలేదు. నేను చెప్పులు విప్పి లోపలికి వెళ్లాను.