అత్త పెంచిన పిల్లి, పెంచని పిల్లి

మొన్న మా మనవరాలి పిల్లికి సూదిమందు వేయించడానికి నేనూ తోడుపోయాను. డాక్టరమ్మ దాని నోరు తెరిచి చూసి, "గడప దాటనీయరు, ఆపరేషనూ అయింది, తిండీ సరిగ్గా పెడుతున్నారు. చాన్నాళ్లు బతుకుతుంది" అంది. మనవరాలు మురిసిపోయింది. నాకు మాత్రం మా అత్త ఒక్కతే కూర్చునే వెనకగది గుర్తొచ్చింది.

అప్పుడు మేము కోయంబత్తూరులో మిల్లు పక్క వీధిలో ఉండేవాళ్లం. అత్త మా నాన్నకు అక్క. పెళ్లయిన కొన్నాళ్లకే మామ పోతే మా ఇంటికి వచ్చేసింది. వాకిలి దాటేదే కాదు. మిల్లు దూది గోడౌనులో ఎలుకల కోసం పిల్లులుండేవి. వాటిలో ముసలిదాన్ని నేనెప్పుడూ చూడలేదు. కుక్కలో, దూదిబేళ్ల లారీలో, చీముపట్టిన గాయాలో, ఏదో ఒకటి ముందే పట్టుకుపోయేది. మందు తిన్న ఎలుకను తిని ఒక తల్లిపిల్లి చచ్చిపోతే, దాని కూన మా పెరట్లోకొచ్చి అరిచింది. అత్త దాన్ని కొంగులో చుట్టుకుని, పెరుగన్నం పెట్టి పెంచింది. గండుపిల్లి అయ్యాక అది గోడ దూకడం మరిగింది. ఒకసారి కొన్నాళ్లు కనబడకుండా పోయి, చెవి చిరిగి కుంటుకుంటూ వచ్చింది. అత్త దాన్ని వెదురుబుట్టలో పెట్టి, మూత తాడుతో కట్టి, "దా పాపా, మాటాసుపత్రికి పోదాము" అంది. పశువుల ఆసుపత్రిని మేమట్లానే అనేవాళ్లం. నాన్న పేపరు దించి, "పైత్యమా అక్కా నీకు? పిల్లికి వైద్యమా?" అన్నాడు.

"ఇదొగటే కదరా నాకుండాది" అంది అత్త, చెప్పులు వెతుక్కుంటూ.

బస్సులో బుట్ట అరుస్తుంటే జనం నవ్వారు. అత్త తల వంచుకోలేదు. డాక్టరు గాయం కడిగి, ఊరు తిరగకుండా ఆపరేషను చేసి, పెరుగన్నంతో పిల్లికి బలం రాదు, చేప పెట్టమన్నాడు. మామ పోయినప్పటినుంచీ నీసు ముట్టని అత్త, ఆ రోజునుంచీ ముక్కుకు కొంగు అడ్డం పెట్టుకుని ఎండుచేపలు ఉడకబెట్టింది.

నేను పెళ్లయి మదురై పోయి, బిడ్డతో పుట్టింటికి వచ్చినప్పుడు కూడా అది అత్త ఒడిలోనే ఉంది, పళ్లూడి, చూపు పోయి. అత్త చేపను వేళ్లతో నలిపి పెట్టేది. ఒక మధ్యాహ్నం ఆ పిల్లి ఎండలో పడుకుని మరి లేవలేదు. ఆ ఇంట్లో అత్తతో ఊరికే కూర్చునేవాళ్లు ఇంకెవరూ లేరు. అందుకని నేను పాలవాళ్ల ఇంటినుంచి ఒక కూనను తెచ్చాను. అత్త దాని కడుపు నిమిరి, తిరిగి నా చేతుల్లో పెట్టేసింది.

"ఒద్దే పాపా. ఇది ముసలిదయ్యేదాకా నేనుండను. నేను పోతే మళ్లీ గోడౌనుకే కదా పోయేది?"

కూనను నాతో మదురై తీసుకుపోయాను. అది మా ఇంట్లో పెరిగి, ముసలిదై, పోయింది. ఆ కబురు చెప్పడానికి వెళ్తే అత్త అదే వెనకగదిలో, అదే గోడకు ఆనుకుని కూర్చుని ఉంది. ఆ పిల్లి బతికిన ఏళ్లను వేళ్ల మీద లెక్కపెట్టుకుంది. తర్వాత, "అయితే నేనే పెంచుకునుండొచ్చు గదే" అంది.

మనిషికి ఇంకా ఎంత కాలం మిగిలిందో తెలియకపోవడమే మేలంటారు. అత్త ఒట్టి ఒడితో గడిపిన ఆ ఏళ్లను తలుచుకుంటే ఆ మాట నా నోట రాదు.