ఎవరూ లేని తూకం

బాక్సింగులో నాకు రెండు బంగారు పతకాలున్నాయి. నేను ఎవరినీ కొట్టలేదు, నన్నూ ఎవరూ కొట్టలేదు. మా అమ్మ కన్నప్పుడు నా ముక్కు ఎలా ఉందో ఇప్పటికీ అలాగే ఉంది. ఆ పతకాలు చూపించి చదువుకున్నాను, ఆ చదువు చూపించి ఉద్యోగం తెచ్చుకున్నాను. ఇప్పుడు చాపాడు దగ్గర ఒక బడిలో ఆడపిల్లలకు ఆటలు నేర్పుతున్నాను. ఎవరైనా "మేడం బాక్సింగు చాంపియను" అని పరిచయం చేస్తే తల దించుకుంటాను. సిగ్గుపడుతోంది అనుకుంటారు వాళ్ళు. సిగ్గు కాదు, రోత.

మా నాన్న జమ్మలమడుగులో ఒక చిన్న గుడికి పూజారి. మా ఇంట్లో చెయ్యెత్తడమంటే హారతి ఇవ్వడానికే. అలాంటి ఇంటి పిల్ల గ్లవుజులు తొడుక్కోవడానికి కారణం గుడికొచ్చే ఒక టీచరు. ఆయన ఒకరోజు తీర్థం పుచ్చుకుంటూ నాన్న చెవిలో ఒక మాట వేశాడు. ఆటల కోటాలో వ్యాయామ టీచరు కోర్సుకు సీటు వస్తుందని, ఆడపిల్లల బాక్సింగులో అయితే సగం తూకాలకు మనుషులే ఉండరని. బాక్సింగులో బరువును బట్టి విడివిడిగా పోటీలు పెడతారు. ఒక తూకంలో ఒక్కరే పేరిచ్చి ఉంటే, ఆ ఒక్కరూ రింగు ఎక్కి నిలబడితే చాలు. చెయ్యి పైకెత్తి పతకం మెడలో వేస్తారు.

ఇంటర్లో నా మార్కులు చెప్పుకునేటట్టు లేవు. నాన్నకు ఆ మాట అమృతంలా వినిపించింది.

"వెయ్యిమందితో పోటీపడి చదివేదానికంటే, ఎవురూ లేనికాడ నిలబడేది మేలు గదమ్మే," అన్నాడు.

ప్రొద్దుటూరులో మూతపడిన ఒక నూనె మిల్లు షెడ్డులో మిలిటరీ నుంచి వచ్చేసిన ఒకాయన బాక్సింగు నేర్పేవాడు. వారానికి నాలుగు రోజులు బస్సెక్కి ఆయన దగ్గరికి వెళ్ళేదాన్ని. ఆయన దగ్గర అట్ట చిరిగిపోయిన ఇంగ్లీషు పుస్తకం ఒకటుండేది. వందేళ్ళ కిందటి ఇంగ్లండు బాక్సరు ఒకడి బతుకంతా అందులో ఉంది. మేము చెమటలు తుడుచుకుంటుంటే ఆయన దాన్ని తెలుగులో చెప్పేవాడు.

"ఆయప్ప తిరునాళ్ళలో డేరా కింద కొట్లాడినోడు. టికెట్టు కొని లోపలికి వచ్చినోడు ఎవుడైనా సరే రింగెక్కొచ్చు. బొగ్గు తవ్వేవోడు వస్తాండె, కసాయోడు వస్తాండె. తనకంటే రెండింతలుండేవోడు వచ్చినా వద్దనేది ల్యా."

పుస్తకం చివర పేజీల కొద్దీ ఒక పట్టిక ఉండేది. ఏ ఊరు, ఎవరితో, ఎన్ని రౌండ్లు, గెలుపా ఓటమా. సారు వేలు పెట్టి చూపించేవాడు. "ఓడిపోయిండేటివి గూడా రాసినారు సూడు. కడాకు వచ్చేకొద్దీ శానా మటుకు ఓటములే. ఈ ఒక్కనితోనే మూడుసార్లు తలపడి మూడుసార్లూ ఓడినాడు."

"మళ్ళీ ఎందుకు పోయినాడు సార్?" అని అడిగాను.

"ఇంగోసారి పోతే ఏమైతాదో సూద్దామని."

ఆ మాట నన్ను పట్టుకుంది. నాన్న కోసం మొదలుపెట్టాను కానీ, నాలుగు నెలలు గడిచేసరికి నాకూ ఆ గుబులు పుట్టింది. నిజంగా ఎదురుగా ఒక మనిషి వస్తే నేను నిలబడతానా, పారిపోతానా? ఒక్కసారి తెలుసుకోవాలి. ఓడినా సరే.

మొదటి పతకం ప్రొద్దుటూరులోనే వచ్చింది. నా తూకంలో నేనొక్కదాన్నే. రింగు ఎక్కాను, ఎదుటి మూల ఖాళీగా ఉంది, రిఫరీ నా చెయ్యి పైకెత్తాడు, దిగాను. అందుకు మా వీధిలో ఫ్లెక్సీ కట్టారు. నేను పిడికిళ్ళు బిగించి కోపంగా చూస్తున్నట్టు ఫోటో. కింద మా బంధువులందరి తలకాయలు, పెళ్ళి శుభలేఖలో లాగా. పాలు తేవడానికి దాని కింద నుంచి పోలేక వెనక సందులోంచి తిరిగి వెళ్ళేదాన్ని.

ఆ ఒక్కటి చాలదన్నారు. పులివెందులలో జరిగే పోటీలో కూడా బంగారం వస్తేనే సీటు ఖాయం. ఈలోగా నేను యాభై ఒక్క కేజీలకు పెరిగాను. ఆ తూకంలో ముగ్గురు పేర్లిచ్చారు. నాన్న ఎవరెవరికో ఫోన్లు చేసి, నలభై ఎనిమిదిలో ఎవరూ లేరని కనుక్కున్నాడు. అంటే మూడు కేజీలు దించాలి.

మూడు రోజులు అన్నం లేదు. చివరి రోజు నీళ్ళు కూడా లేవు. ఎండలో రగ్గు కప్పుకొని పెన్న ఇసుకలో పరిగెత్తాను. ఒంట్లో ఇంక చెమట రాకపోతే ఉమ్మి ఉమ్మి బరువు దించుతారు. నోట్లో చింతపండు పెట్టుకొని, నీరూరినకొద్దీ చెంబులో ఉమ్మడం. మా ఇంట్లో ఎంగిలంటే ఎంత పట్టింపో చెప్పలేను. గ్లాసుకు పెదవి తగిలితే మా నాన్న ఆ గ్లాసు ముట్టడు, కడిగి బోర్లించినా అనుమానమే. ఆ మనిషి నా ముందు కూర్చుని, నా ఉమ్మి పట్టిన చెంబు రెండు చేతులతో పట్టుకొని, "ఇంకొంచెం మ్మే, ఇంకొంచెం" అని బతిమాలాడు. దాని కంటే ఆయన నన్ను నాలుగు తన్ని ఉంటే బాగుండేది.

పులివెందులలో కాలేజీ గ్రౌండుకు నాన్నా, సారూ, నేనూ పొద్దున్నే చేరుకున్నాం. నాన్న స్టీలు క్యారియరులో గుడి పులిహోర తెచ్చాడు, తూకం అయిపోగానే నాకు పెట్టడానికి. గోడకు అంటించిన జాబితా చూసి ఆయన ముఖం మాడిపోయింది. నలభై ఎనిమిదిలో రెండు పేర్లున్నాయి.

రెండో పేరు కలమల్ల ఊరి పిల్లది. వాళ్ళ నాన్న థర్మల్ ప్లాంటులో బొగ్గు దగ్గర కాంట్రాక్టు కూలి. నాకంటే ఏడాది చిన్న. కనుబొమ్మ మీద కుట్లు పడిన గుర్తు, వేళ్ళ గణుపులన్నీ కాయలు కాసి ఉన్నాయి. నన్ను వెతుక్కుంటూ తనే వచ్చింది.

"నా తూకం నువ్వేనా అక్కా? అబ్బ, నాకు శానా సంతోసంగా ఉండాది. పోయినతూరి ఎవురూ రాకపాయ. ఊరికే చెయ్యెత్తి పంపించినారు. గెల్చినా అంటే మా నాయన నమ్మలే."

నాలాంటిదే ఇంకొకతె ఉందన్నమాట. ఆ పిల్ల చెయ్యి పట్టుకోవాలనిపించింది. అదే క్షణంలో ఆ గణుపులు చూసి నా చేతులు వెనక్కి దాచుకున్నాను.

వరండాలో ముందుగా చూసుకోవడానికి ఒక తూకం మిషను పెట్టారు. ఆ పిల్ల ఎక్కింది. నలభై ఎనిమిది, ముల్లు సరిగ్గా గీత మీద. తనూ రెండు రోజులుగా పస్తు ఉందట. ఆ పిల్ల దిగగానే మా నాన్న క్యారియరు మూత తీశాడు.

"సామి ప్రసాదం పాపా. శనివారం పూట వద్దనగూడదు."

ఆ పిల్ల చెప్పులు విడిచింది. రెండు చేతులూ పట్టింది, కళ్ళకద్దుకుంది, తింది. నాన్న మళ్ళీ పెట్టాడు. ప్రసాదం వదలకూడదని అదీ తింది. గొంతు పట్టేసిందేమోనని నీళ్ళ బాటిలిచ్చింది కూడా మా నాన్నే. పొద్దున్నుంచి నాకు చుక్క తాగనివ్వని నీళ్ళు.

మా వీధిలో వాళ్ళు నాన్నను ఆటపట్టించడానికి "దేవుడు వరమిచ్చినా పూజారి వరమివ్వడు" అంటుండేవాళ్ళు. ఆయనా నవ్వేవాడు. ఆయన లోభి కాదు, ఏ రోజూ ఎవరి చేతిలోనూ తక్కువ ప్రసాదం పెట్టలేదు. ఆ రోజు అందరికంటే ఎక్కువ పెట్టాడు, ఎందుకు పెడుతున్నాడో తెలిసే పెట్టాడు. మూడు రోజులుగా నన్ను గ్రాముల లెక్కన తూచిన మనిషికి రెండు గుప్పిళ్ళ పులిహోర బరువెంతో తెలియదా?

నాకు మాత్రం తెలియదా? మూడడుగుల దూరంలో నిలబడి ఉన్నాను. "తినొద్దు" అని ఒక్క మాట చాలు. అనలేదు. సీటు పోతుందని అనలేదని చాలా ఏళ్ళు నాకు నేను చెప్పుకున్నాను. నిజం అది కాదు. భయపడ్డాను. ఆ పిల్ల ఒక్కో ముద్దా మింగుతుంటే నాకు హాయిగా ఊపిరి ఆడింది.

అసలు తూకంలో నేను సరిపోయాను. ఆ పిల్ల మూడొందల గ్రాములు ఎక్కువ తూగింది. అరగంట గడువిచ్చారు. రెండు చొక్కాలు వేసుకొని ఎండలో గ్రౌండు చుట్టూ పరిగెత్తింది, పరిగెత్తుతూనే ఉమ్మింది. మా సారు దాన్ని ఆపి అడిగాడు.

"ఏం తింటివి మ్మే? నిజం చెప్పు."

"ఏం తినలే సార్. పెసాదమే."

దాని లెక్కలో ప్రసాదం తిండి కాదు. సారు నా వైపు చూశాడు. నేను షూ లేసులు కట్టుకుంటున్నట్టు వంగాను.

రెండోసారి కూడా గీత దాటింది. ఇంకో తూకంలోకి పేరు మార్చడం కుదరదన్నారు. నేను రింగు ఎక్కాను, ఎదుటి మూల ఖాళీ, రిఫరీ చెయ్యి పైకెత్తాడు. తిరునాళ్ళ డేరాలో ఆ ఇంగ్లండు మనిషికి ఎదురుగా ఎప్పుడూ ఎవడో ఒకడు ఉండేవాడు. ఆ రోజు తర్వాత నేను సారు షెడ్డుకు వెళ్ళలేదు. ఆయనా కబురు చేయలేదు.

ఆ రోజు నేను రింగు దిగగానే నాన్న సర్టిఫికెట్టు కోసం ఆఫీసు గదికి వెళ్ళాడు, క్యారియరు నా ఒళ్ళో పెట్టి. గ్యాలరీ మెట్ల మీద నీడలో కూర్చుంటే ఆ పిల్ల వచ్చి పక్కన కూలబడింది. ఏడ్చినట్టుంది, ముఖం కడుక్కుంది.

"ఇంగ తూకం గీకం ల్యాదు గదక్కా. పులిహోర ఉంటే రోంత పెట్టు, ఆకలి సంపుతాండాది."

మూత తీసి పెట్టాను. రెండు ముద్దలు తిని ఆగింది. మిగిలింది నా వైపు జరిపింది.

"నువ్వు గూడా మూడు దినాల్నుంచి పస్తే గదా. తిను. వచ్చేతూరి కొట్లాడుదాంలే."

వచ్చేతూరి అంటూ ఉండదని నాకు తెలుసు. సీటు వచ్చేసినట్టే. తల ఊపాను. ఒకే గిన్నెలో దాని ఎంగిలి, నా ఎంగిలి కలిపి తిన్నాను. పులుపు సరిగ్గా కుదిరింది, వేరుశనగ గింజలు కరకరలాడుతున్నాయి. ఛీ, ఎంత రుచిగా ఉందో.