ఎవరూ గీయని గొర్రె బొమ్మలు

దయ్యాలను నేను నమ్మను. సూర్యాపేట బస్టాండు చుట్టుపక్కల తిరిగే దయ్యాల కథల్లో సగం నేను పుట్టించినవే. ఇగ నేనెట్ల నమ్ముతా? కానీ ఇది నేను పుట్టించింది కాదు.

పెన్‌పహాడ్ దాసయ్య సినిమాహాల్లో ప్రకటనల స్లైడ్లు రాసేవాడు. పారేసిన రీలు మీది బొమ్మలు కడిగేసి, ఒక్కో గడిలో సన్నటి కలంతో గొర్రెను గీసి, తెర మీద దాన్ని నడిపించాడు. మా దిక్కు బొమ్మను కదిలించిన మొదటి మనిషి ఆయనే. కంప్యూటర్ మీద బొమ్మలు కదిలించే నాకు అందులో పావు వంతు ఓపిక లేదు.

దాసయ్య చనిపోయినంక ఆ రీలు వానకు తడిసి ఖతమైంది. దాన్ని చూసినవాళ్లలో ఆయన బిడ్డ యాదమ్మ ఒక్కతే మిగిలింది. ఆమెకూ చూపు తగ్గుతోంది. పూర్తిగా పోకముందే నాయన గొర్రె నడవడం ఇంకొక్కసారి చూడాలని ఆమె ఆశ.

2006లో ఆమె కోసం ఆ గొర్రెను మళ్లీ గీయాలని మూడు ఊళ్లవాళ్లం కలిశాం. బేసి నంబర్ల బొమ్మలు సూర్యాపేటలో నేను, వాటి నడుమ వచ్చే సరి నంబర్లు కోదాడలో మా బావ వెంకన్న. మిర్యాలగూడలో డ్రాయింగ్ సారు వాటిని ఫొటోలు తీసి వరుసగా కలపాలి.

తీరా సారు ఇంటికి యాదమ్మ వచ్చి కూర్చున్న పొద్దున బావ కట్ట విప్పితే, ఆయనవీ అన్నీ బేసి నంబర్లే. వాళ్లది వడ్లు కొలిచే ఇల్లు. కొలిచేటప్పుడు ఒకటి అనరు, "లాభం" అని మొదలుపెడతారు. రెండుతో మొదలుపెట్టడానికి ఆయనకు మనసొప్పలేదట.

"వడ్లు గాదు బావా, గొర్రె," అన్నాను.

"గొర్రెకు లాభం వద్దా ఏంది?"

ముసలామెను ఉత్త చేతులతో పంపలేక, సారు నా బొమ్మలు మాత్రమే కలిపి వేశాడు. సగం బొమ్మలు లేవు కాబట్టి గొర్రె కప్పలా ఎగరాలి. ఎగరలేదు. మెల్లగా, మెడ ఊపుకుంటూ నడిచింది.

యాదమ్మ తెర దగ్గరికి జరిగి, కళ్లు చికిలించి చూసింది.

"మా నాయన గీసిండు. ఆయన ఎడమచెయ్యి గద, గీతలన్ని అటుదిక్కు వాల్తయి."

ఆ సంగతి మాకెవరికీ తెలియదు. సారు ఒక్కో బొమ్మా ఆపి చూపించాడు. నా బొమ్మల నడుమ సరి నంబర్లవి వరుసగా ఉన్నాయి. వాటి గీతలు అటే వాలి ఉన్నాయి. మా ముగ్గురిదీ కుడిచెయ్యే. ఆ కాగితాలు ఎంత వెతికినా దొరకలేదు.

ఆమె అడిగినన్నిసార్లు వేశాం. మూడు నెలలకు ఆమె చూపు పోయింది.

చివర్న పేర్లు వేసేటప్పుడు, సరి బొమ్మలు గీసినవారు అన్నచోట దాసయ్య అని రాశాం. బావ తన పేరు పెట్టమని అడగలేదు. ఆ బొమ్మలు ఎవరు గీశారంటే, అంతకు మించిన జవాబు నాకు ఇప్పటికీ దొరకలేదు.