తువ్వాల కొస

చిక్కడపల్లి లైబ్రరీలో చదువుకునే మాకొక ఆచారం ఉండేది. ఎవరికైనా ఉద్యోగం వస్తే ఆ మనిషి స్వీటు డబ్బాతో వచ్చి, ప్రతి టేబుల్ దగ్గరా ఆగి, కూర్చున్న ప్రతి ఒక్కరితోనూ చేయి కలపాలి. ముందు చేయి, ఆ తర్వాతే స్వీటు. వచ్చిన ఉద్యోగం ఒక చేతి నుంచి ఇంకో చేతికి అంటుకుంటుందని నమ్మకం. డిగ్రీలూ పీజీలూ చేసినవాళ్లం, రాజ్యాంగంలోని అధికరణాలు నిద్రలో లేపి అడిగినా అప్పజెప్పేవాళ్లం. ఈ ఒక్క విషయంలో మాత్రం మా అమ్మమ్మల కంటే అధ్వాన్నం.

ఆ డబ్బా గుమ్మంలో కనబడగానే నేను లేచి బాత్రూమ్‌కు పోయేవాణ్ణి. గోల సద్దుమణిగాక వచ్చి కూర్చుంటే, నా పుస్తకం మీద కాగితం ముక్కలో మైసూర్‌పాక్ ఉండేది. తినేవాణ్ణి.

"టైముకు ఎప్పుడుండవేందిరా నువ్వు?" అనేవాడు మా రూమ్మేట్. కరీంనగర్ వైపు మనిషి, నాకంటే పెద్దవాడు, నాకంటే ముందు నుంచీ చదువుతున్నవాడు. అన్న అని పిలిచేవాణ్ణి.

"కడుపు బాగలేదన్నా."

ఆ ఐదేళ్లలో నా కడుపు మీద నేను వేసినన్ని నిందలు ఎవరూ ఎవరి మీదా వేసి ఉండరు. కడుపు బాగానే ఉండేది. బాగా లేనివి అరచేతులు.

చెమట. ఎండకు పట్టేది కాదు. చలికాలంలో, ఫ్యాను కింద ఊరికే కూర్చున్నా అరచేతి గీతల్లోంచి చెలమలో నీళ్లలా ఊరేది. తుడిస్తే మళ్లీ ఊరేది. వేళ్ల కొసల నుంచి చుక్కలు పడేవి. సిటీ బస్సులో పైనున్న కమ్మీ పట్టుకుంటే, పక్కనున్నాయన తల తడుముకుని బస్సు టాపు కారుతోందేమోనని పైకి చూసేవాడు. చిన్నప్పుడు బళ్లో పలక మీద అక్షరం రాసి పంతులుకు చూపించేలోపు నా చెయ్యే దాన్ని చెరిపేసేది. కోచింగ్ కోసం లైబ్రరీ పక్కనున్న అశోక్ నగర్‌కు వచ్చాక ఎవరైనా చేతిరాత నోట్సు ఒకసారి ఇస్తే రెండోసారి ఇచ్చేవారు కాదు. వాళ్లను అనడానికేముంది, నేనైనా ఇవ్వను.

2009లో వచ్చాను నేను. హాస్టల్లో గదికి మూడు మంచాలు, కింద చాయ్ బండి, పొద్దున లేస్తే ఒకటే మాట: నోటిఫికేషన్ ఎప్పుడు? తెలంగాణ ఉద్యమం రోజులు: బందులు, వాయిదాలు, మళ్లీ బందులు. ఉంటుందో లేదో తెలియని పరీక్షకు చదవడంలో ఒక సుఖం ఉంది. ఓడిపోయే రోజు కూడా వాయిదా పడుతుంది. మొదటి సంవత్సరం ఆత్రం ఉండేది. తర్వాత అది కూడా పోయింది. లేవడం, చదవడం, తినడం, పడుకోవడం. ఆనందం లేదు, బాధా లేదు.

చివరికి ఒక పరీక్ష నిజంగానే జరిగింది. అంబర్‌పేట్‌లో ఒక బడి నా సెంటరు. చెయ్యి కింద వేసుకోవడానికి రుమాలు తీసుకుపోయాను. ఇన్విజిలేటర్ మేడం దాన్ని లాక్కుని విప్పి, అటూ ఇటూ తిప్పి, చిట్టీలేమైనా ఉన్నాయేమోనని చూసింది.

"గుడ్డలు లోపలికి తేవద్దని జెప్పినమా లేదా?"

"చేతులకు చెమట, మేడం."

"అందరికి పడుతది. రాయి."

రాశాను. జవాబుల షీటు మీద గుండ్రాలు పెన్నుతో నింపాలి కదా, తడిసిన కాగితం మీద బాల్‌పెన్ను సాగదు. నొక్కితే చిరుగుతుంది. సగం ప్రశ్నలయ్యేసరికి షీటు కింది భాగం పులుసులో పడ్డ అప్పడమైంది. వేలిముద్ర వేయమంటే వేశాను, అక్కడ ముద్రకు బదులు నీలం మరక పడింది. ఫలితాల్లో నా నంబరు లేదు. నా షీటును మిషను చదవలేదో, పుస్తకాలను నేను సరిగ్గా చదవలేదో ఈనాటికీ తెలియదు. ఏడ్వాలనిపించి మంచం మీద పడుకున్నాను. రాలేదు. చేతులు తప్ప నాలో ఇంకేదీ తడిగా లేదు.

ఊరికి ఫోన్ చేస్తే నాయన ఎత్తాడు. "పోతే పోయింది తీ" అని అమ్మకు ఇచ్చేశాడు.

ఆయన అంతే. మాది నల్గొండ వైపు మగ్గాల ఊరు. మగ్గమున్న ఇంట్లో పుట్టి మగ్గం మీద ఎన్నడూ కూర్చోని మనిషి ఆయన. చిన్నాయనలిద్దరూ పొద్దస్తమానం మగ్గం గుంటలో కూర్చుని నేస్తుంటే, నాయన చీరల మూటలు వీపున వేసుకుని బస్టాండుకు మోసేవాడు. కూర్చుని నేయలేని సోమరి అని ఊరంతా అనేది, నేనూ అదే అనుకునేవాణ్ణి. కుడిచేతికి ఎప్పుడూ ఒక తువ్వాల చుట్టుకుని ఉండేవాడు. జాతరకు పోతే మిగతా పిల్లలు తండ్రుల వేళ్లు పట్టుకుని నడిచేవాళ్లు. నాకు మాత్రం ఆ తువ్వాల కొస అందించేవాడు. "ఇది పట్టుకో. ఇడువకు." లేగదూడను సంతకు తోలుకుపోయినట్టు పోయేవాళ్లం. పదో తరగతిలో మంచి మార్కులొస్తే ఊళ్లో వాళ్లంతా వీపు తట్టారు గానీ, ఆయన చేయి మాత్రం నా మీద పడలేదు. చాలా రోజులు కోపం ఉండేది. పట్నం వచ్చాక అది కూడా ఎండిపోయింది. ఎవరో పక్కింటి పెద్దమనిషి గురించి అనుకున్నట్టు అనుకునేవాణ్ణి ఆయన గురించి.

పరీక్ష పోయిన సంగతి తెలిశాక హాస్టల్లో అందరూ డాక్టర్లయ్యారు. "నీకు భయమెక్కువరా, మనసు గట్టిగ జేసుకో, చేతులు అయ్యే ఎండుతయ్" అన్నాడు అన్న. ధైర్యం కోసమని నన్ను తీసుకుపోయి పగడపు ఉంగరం కూడా పెట్టించాడు. వార్డెను పటిక నీళ్లలో చేతులు పెట్టుకోమన్నాడు. ఇంకొకడు పౌడరన్నాడు. మరొకడు చాయ్ డికాక్షన్ అంటే అదీ చేశాను, వారం రోజులు చేతులు కాఫీ గింజల రంగులో తిరిగాయి. కోచింగ్ సెంటర్ సారు మైకులో "చెమటోడిస్తేనే సర్కారు కొలువు" అని అరుస్తుంటే నవ్వొచ్చేది. నా అంత ఓడ్చినవాడు ఆ హాల్లో ఎవడున్నాడు?

డాక్టరు దగ్గరికి నా కోసం పోలేదు. అన్నకు తల్లో చుండ్రు. నారాయణగూడలో, బట్టల షాపు మీది అంతస్తులో ఒక చర్మ డాక్టరమ్మ ఉంటే తోడుగా పోయాను. ఆమె అన్నకు మందులు రాసిన చీటీ నేను అందుకున్నాను. అందుకున్న చోట ఇంకు చెదిరింది. ఆమె చీటీ వైపు కాకుండా నా చేతి వైపు చూసింది.

"ఎప్పటి నుంచి ఇది?"

"చిన్నప్పటి నుంచే మేడం. భయం వల్ల."

"భయమని ఎవరు చెప్పిన్రు?"

నేను అన్న వైపు చూశాను. అన్న గోడకున్న క్యాలెండర్ వైపు చూశాడు.

"రెండు చేతులకూ సమానంగా పడుతదా? నిద్రలో గూడ పడుతదా?"

"నిద్రల ఉంట గద మేడం, ఎట్ల తెలుస్తది?"

ఆమె నవ్వలేదు. ఎవరినైనా చూసి చెప్పమను అంది. అన్న ఆ పని శ్రద్ధగా చేశాడు. పొద్దున లేవగానే మంచం పక్కన నిలబడి, "పొడిగనే ఉన్నదిరా. పీనుగ చెయ్యి లెక్క" అన్నాడు.

మళ్లీ పోయి అదే చెప్పాను, పీనుగను వదిలేసి. ఆమె కాగితం మీద బొమ్మ గీసి చెప్పింది. ఒంటి వేడి తగ్గడానికి అందరికీ చెమట పడుతుంది. నా నరాలు మాత్రం అవసరం లేకపోయినా అరచేతిలోని చెమట గ్రంథులను కార్చమని, కార్చమని తరుముతూనే ఉంటాయి. నిద్రలో ఊరుకుంటాయి. "చేతులు తడుస్తయని నువ్వు పరేషాన్ అయితున్నవ్, దాంతోని ఇంకింత పడుతది. కాని ముందు వచ్చేది చెమటనే. నీ ధైర్యానికి, దీనికి సంబంధం లేదు."

నా జీవితంలో నన్ను ధైర్యం తెచ్చుకోమని చెప్పని మొదటి మనిషి ఆమె. పెద్ద మాటే విన్నానని తెలుస్తూనే ఉంది. ఏదో కదలాలి లోపల. కదల్లేదు. తలూపాను.

"ఇది శాన మందికి ఇంట్ల నుంచే వస్తది. మీ నాయినకు గాని, అమ్మకు గాని ఉన్నదా?"

"లేదు మేడం. ఎవరికీ లేదు."

ఆబ్జెక్టివ్ ప్రశ్నకు టిక్కు పెట్టినట్టు, ఆలోచించకుండా చెప్పాను.

ముందు పూతమందు ఇచ్చింది. పడుకునే ముందు పొడి చేతులకు పూసి పొద్దున కడగాలి. మాకేమో ఒక సబ్జెక్టుకు ఒక పుస్తకం చాలదు, నాలుగు పుస్తకాలు కలిపి చదివితే గానీ తృప్తి ఉండదు. మందునూ అలాగే చదివాను. ముందు వార్డెను చెప్పిన పటిక నీళ్లలో చేతులు నానబెట్టి, ఆ తడి మీదే డాక్టరమ్మ మందు పూసి, పైన పౌడరు చల్లాను. నిప్పుల మీద పెట్టినట్టు మండాయి. తెల్లారేసరికి అరచేతులు ఎర్రగా పొరలు లేచిపోయాయి.

"పొడి చేతికి పూయమన్న గద బాబు. అది తడి మీద పడితే కాల్చుతది" అంది డాక్టరమ్మ. పుండ్లు మానేదాకా ఆగమంది. తర్వాత ఇంకో వైద్యం మొదలుపెట్టింది. రెండు వెడల్పాటి ట్రేలలో నీళ్లు పోసి, ఒక్కొక్క దాంట్లో ఒక్కొక్క చెయ్యి పెట్టించి, మిషను నుంచి సన్నగా కరెంటు పంపేది. అరచేతుల్లో చీమలు పాకేవి. అంతే, వేరే బాధ లేదు. ముందు లోహం ఏదీ ఉండొద్దని ఉంగరం తీయమంది. నా వేలికి ఏ ఉంగరమూ బిగుసుకోదు, ఒక్క లాగుకే వచ్చింది. దాన్ని మళ్లీ పెట్టుకోలేదు. అప్పట్లో కరెంటు కోతలు. నారాయణగూడలో ఎప్పుడు పోతుందో, ఎప్పుడొస్తుందో సిలబస్ కంటే బాగా తెలిసేది నాకు. కోత లేని వేళ చూసుకుని పోయేవాణ్ణి. "తగ్గుతది గాని పూర్తిగ పోదు. నడుమ నడుమ వచ్చి పెట్టించుకుంట ఉండాలె" అని ముందే చెప్పింది ఆమె. అబద్ధం చెప్పనందుకు ఆమె మీద గౌరవం.

కొన్ని వారాలకు, ఒక పొద్దున లైబ్రరీలో పేపరు పేజీ తిప్పబోతే వేలికి అంటలేదు. జారింది. పక్కనున్న ముసలాయన చేసినట్టు వేలు నాలుకకు అద్దుకుని తిప్పాను. పుట్టి బుద్ధెరిగాక నేను అలా చేయడం అదే మొదటిసారి. చేతులు పొడిగా ఉన్నాయి. ఎవరివో చేతులు కిరాయికి తెచ్చుకున్నట్టు ఒళ్లో పెట్టుకుని చూస్తూ కూర్చున్నాను. సంతోషం రాలేదు. సరే, ఇక చదువుకోవచ్చు అనుకున్నాను.

తర్వాతి పరీక్ష ముషీరాబాద్‌లో రాశాను. షీటు తడవలేదు, చిరగలేదు. వేలిముద్ర గీత గీతా పడింది. కొన్నాళ్లకు ఇంటర్నెట్ సెంటర్లో నా నంబరు కనబడింది. జూనియర్ అసిస్టెంట్. మళ్లీ ఒకసారి చూసి, సైకిలు తాళం తీసుకుని బయటికొచ్చాను. ఇంటికి ఫోన్ చేస్తే అమ్మ ఏడ్చింది. నేను వింటూ నిలబడ్డాను.

ఆచారం ప్రకారం స్వీటు డబ్బాతో లైబ్రరీకి పోయాను. టేబుల్ టేబుల్‌కీ తిరిగాను. మెత్తటి చేతులు, కాయలు కాసిన చేతులు, ఇంకు మరకల చేతులు. ఇన్నేళ్లు ఏ చేతుల నుంచి పారిపోయానో అవన్నీ వరసగా ముట్టుకున్నాను. చివరి టేబుల్ దగ్గర అన్న. ఆ ఏడాది కూడా ఆయన పేరు రాలేదు. నా చెయ్యి పట్టుకుని ఇటూ అటూ తిప్పి చూశాడు.

"పొడిగున్నదిరా."

"అవునన్నా."

ఆ క్షణాన ఏదైనా అనిపించాలని నిజంగానే ఎదురుచూశాను. ఏమీ అనిపించలేదు. మైసూర్‌పాక్ ఇచ్చి వచ్చేశాను.

ఆ తర్వాతి వారం నాయన పట్నం వచ్చాడు. నువ్వు చదివిన జాగ చూస్తానన్నాడు. అదివరకు ఎన్నడూ రాలేదు. గది చూపించాను, లైబ్రరీ చూపించాను, చాయ్ తాగించాను. ఇద్దరమూ పది మాటలు మాట్లాడి ఉండము. సాయంత్రం బస్సెక్కించడానికి చిక్కడపల్లి మెయిన్ రోడ్డు మీదికొచ్చాం. అవతలి వైపు దాటాలి. ఆటోలు, బస్సులు, ఆగని బండ్లు. నాయన ఒక అడుగు వేసి వెనక్కి వేశాడు. భయపడ్డాడని తెలిసింది.

"రా నాయినా" అని చెయ్యి చాపాను. వారం కిందటే హాలంతా చేతులు కలిపి వచ్చినవాణ్ణి కదా, ఆలోచించకుండానే చాపాను.

ఆయన పొడిగా ఉన్న నా చెయ్యి వైపు చూశాడు. తన కుడిచేతికి చుట్టుకున్న తువ్వాల విప్పి, దాని కొస నాకు అందించాడు.

"ఇది పట్టుకో. ఇడువకు."

నాకు ఒళ్లు మండింది. ఎన్నో ఏళ్లకు వచ్చిన కోపం అది. తువ్వాలను పక్కకు తోసి ఆయన చెయ్యి గట్టిగా పట్టుకున్నాను.

తడి. వేళ్ల సందుల్లోంచి కారుతున్న తడి. నాకు పుట్టినప్పటి నుంచీ తెలిసిన తడి.

నాయన చెయ్యి లాక్కోబోయాడు. "ఇడువు బిడ్డా. నీకు మళ్ల అంటుతది."

"ఎప్పటి నుంచి నాయినా?"

"పుట్టినకాన్నుంచే." రోడ్డు వైపు చూస్తూ చెప్పాడు. "నూలుకు మరకలు పడుతున్నయని మీ తాత మగ్గం కాడికి రానియ్యలే."

"ఇది అంటుకునేది కాదు నాయినా. డాక్టరమ్మ చెప్పింది."

ఆయన నమ్మలేదు. చెయ్యి ఇంకా లాగుతూనే ఉన్నాడు. "కాదురా. నువ్వు పుట్టినప్పుడు ఆగలేక ఒక్కసారి ఎత్తుకున్న. నీ చేతులు గూడ గిట్లనే అయినయని మీ అమ్మ జెప్పినప్పుడు, ఆ ఒక్కసారికే అంటిందనుకున్న. అప్పటి సంది ముట్టలే."

వెనక ఎవరో హారన్ కొడుతున్నారు. అప్పుడు వచ్చింది నాకు ఏడుపు. పరీక్ష పోయినప్పుడు రానిది, ఉద్యోగం వచ్చినప్పుడు రానిది, రోడ్డు పక్కన అంతమంది ముందు వచ్చింది.

ఇద్దరం రోడ్డు దాటాం. తువ్వాల ఆయన ఎడమ చేతిలో వేలాడుతోంది. బస్సొచ్చేదాకా నేను ఆయన చెయ్యి వదల్లేదు. ఆయనా కాసేపటికి లాగడం మానేశాడు. బస్సు పోయాక చూసుకుంటే నా అరచెయ్యి నిండా తడి. తుడుచుకోలేదు.